కాలయంత్రం భయపెట్టాలంటే అది ఎవరి గంట లాక్కుంటుందో చూపించండి

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇది: ఒంగోలులో కాలేజీ వార్షికోత్సవానికి నాటిక వేస్తున్నారు. కథలో కాలాన్నీ, వేరే డైమెన్షన్ల శక్తినీ ఆడించే యంత్రం ఉంది. రిహార్సల్స్‌లో దాన్ని చూసి అందరూ నవ్వుతున్నారు, భయం ఎలా పుట్టించాలి అని. అల్లూరు దగ్గర మా ఊళ్ళో శ్రీరామనవమికి ఇలాంటి యంత్రంతోనే ఒక నాటిక రాసి వేయించాను కాబట్టి చెప్తున్నాను.

ముందుగా మీ కథలోని ప్రొఫెసర్ పాత్ర చేత సిద్ధాంతం చెప్పించడం ఆపండి. "ఇది విశ్వాన్నే నాశనం చేస్తుంది" అంటే ఎవరికీ ఒళ్ళు జలదరించదు. విశ్వం ఎవరి ఆస్తీ కాదు కదా.

మా నాటికలో యంత్రం రొయ్యల గుంట గట్టు మీద మోటారు షెడ్డులో ఉంటుంది. అప్పుల్లో మునిగిన రైతు కొడుకు దాన్ని తయారుచేస్తాడు. రేటు పడిపోకముందుకి వెళ్ళి సరుకు అమ్ముకు రావాలన్నదే వాడి ఆశ. యంత్రానికి ఒకే ఒక్క నియమం పెట్టాం. అది నీకు ఒక గంట ఇస్తే, ఆ గంటను పక్కనున్న ఎవరి దగ్గర నుంచో లాక్కుంటుంది.

మా వైపు గంట పోవడం అంటే ఏందో విడమరిచి చెప్పక్కర్లేదు. గుంటలో నాచు పగలంతా ఆక్సిజన్ ఇస్తుంది, రాత్రయితే అదే పీల్చుకుంటుంది. తెల్లవారుజామున మూడు, నాలుగు గంటలకి నీళ్ళలో ఆక్సిజన్ బాగా పడిపోతుంది. సరిగ్గా ఆ వేళ కరెంటు పోయి, నీళ్ళలోకి గాలి కలిపే ఏరేటర్లు ఆగితే రొయ్య పైకి తేలిపోతుంది. జనరేటర్ వేయడం ఆలస్యమైతే పంటంతా పోయినట్టే. అందుకే యంత్రం లాక్కునేది పక్క గుంటవాళ్ళ ఆ గంటనే.

దీన్ని స్టేజి మీద చూపించడానికి పెద్ద ఖర్చేమీ కాలేదు. గుంట దగ్గర ఏరేటర్ తిరిగే చప్పుడు ఫోన్‌లో రికార్డు చేసి, నాటిక మొదలైనప్పటి నుంచి స్పీకర్లో సన్నగా పెట్టాం. కాసేపటికి జనం దాన్ని పట్టించుకోవడం మానేస్తారు. కుర్రాడు లివర్ లాగినప్పుడు మెరుపుల్లేవు, పొగ లేదు. ఆ చప్పుడు ఆగిపోయింది, అంతే. ముందు వరుసలో భుజాన తువ్వాలు వేసుకుని కూర్చున్న పెద్దాయన ఒకాయన లేచి నిలబడి "జనరేటర్ ఎయ్యండ్రా!" అని అరిచాడు. వెనక పిల్లకాయలు నవ్వారు గానీ ఆయన వెంటనే కూర్చోలేదు, తెర పక్కకే చూస్తూ నిలబడ్డాడు.

మీరు ఒంగోలు వాళ్ళు కాబట్టి గుంట బదులు పొగాకు బ్యారన్, అంటే పచ్చాకును వేడితో ఆరబెట్టే కొట్టం, పెట్టుకోవచ్చు. ఆకు కాల్చేటప్పుడు వేడిని కొంచెం కొంచెంగా పెంచుతూ రాత్రిళ్ళు కాపలా కాసినవాళ్ళు మీ ప్రేక్షకుల్లో తప్పకుండా ఉంటారు. ఒక గంట లెక్క తప్పితే ఆకు రంగు ఏమవుతుందో మీరు డైలాగులో చెప్పాల్సిన పని లేదు.

ఇక సైన్సు. భవిష్యత్తులోకి కొంచెం జరగడం నిజంగానే ఉంది, ఎందుకంటే కాలం అన్నిచోట్లా ఒకే వేగంతో నడవదు. జీపీఎస్ ఉపగ్రహాల్లోని గడియారాలు నేల మీద వాటికంటే రోజుకు సుమారు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి, సరిచేయకపోతే మ్యాపు కిలోమీటర్ల కొద్దీ తప్పు చూపిస్తుంది. డైమెన్షన్ల సంగతంటారా, పొడవు, వెడల్పు, ఎత్తు, కాలం కాక అయిదో డైమెన్షన్ ఉండొచ్చని కలూజా అనే శాస్త్రవేత్త 1921లోనే రాశాడు, అది మనకి కనపడనంత చిన్నగా చుట్టుకుని ఉంటుందని 1926లో క్లైన్ అనే ఇంకో శాస్త్రవేత్త అన్నాడు. అందులోంచి శక్తిని తోడుకోవడం మాత్రం పూర్తిగా కథకుల సొంతం. కాబట్టి నియమం మీ ఇష్టం, కానీ పెట్టాక మధ్యలో మార్చకండి.

లెక్క చెప్పి భయపెట్టాలనుకుంటే నాకు బాగా నచ్చినవి రెండున్నాయి. ఒక కిలో బరువు పూర్తిగా శక్తిగా మారితే దాదాపు 2,500 కోట్ల యూనిట్ల కరెంటు అవుతుంది. కృష్ణపట్నం దగ్గర నేలటూరు థర్మల్ ప్లాంటులో ఉన్నలాంటి 800 మెగావాట్ల జనరేటర్ ఒకటి ఆగకుండా మూడున్నరేళ్ళు తిరిగితే గానీ అంత రాదు. ఇంక రెండోది: భూమి సూర్యుడి చుట్టూ సెకనుకు సుమారు 30 కిలోమీటర్ల వేగంతో పోతోంది. యంత్రం మనిషిని కాలంలో మాత్రమే జరిపి, చోటు మార్చకపోతే, గంట ముందుకు దూకినవాడు భూమికి లక్ష కిలోమీటర్ల దూరంలో, గాలి లేనిచోట తేలతాడు. "వాడు తిరిగి వచ్చాడా?" అని తల్లి అడిగితే "రావడానికి వాడెక్కడున్నాడో తెలియాలి కదమ్మా" అన్న జవాబొక్కటి చాలు. మీ ప్రొఫెసర్‌కి ఒక్క డైలాగే మిగల్చాలంటే ఇదే మిగల్చండి.

చివర్లో యంత్రాన్ని పేల్చేస్తామని రాశారు, అది వద్దు. పేలిపోతే జనం హమ్మయ్య అనుకుని కుర్చీలు సర్దుకుంటారు. మేము దాన్ని షెడ్డులోనే ఉంచాం. పంట పోయిన పక్క గుంటావిడ సంగతంతా తెలుసుకుని గొడవ పెట్టుకోవడానికే వస్తుంది, కాసేపు దాన్ని చూసి, "అబ్బయా, నాకు ఒక్క గంట ఇప్పిస్తావా?" అని అడుగుతుంది. తెర అక్కడ దించాం. ఆమె తర్వాత ఎవరి గంట పోతుందోనని స్టేజి దిగాక కూడా జనం మమ్మల్ని అడుగుతూనే ఉన్నారు.