అతకట్లేదంటున్నాడు, ఏం చేయాలి?

ప్రశ్న: మా ఫ్రెండ్ తీస్తున్న 70 నిమిషాల ఇండిపెండెంట్ సినిమాకి మ్యూజిక్ చేస్తున్నాను. మూతపడబోతున్న రైస్ మిల్లులో పనిచేసే పెద్దావిడ కథ. మామూలు ట్యూన్లు, వయొలిన్లు వద్దనుకుని సింథ్‌తో (ఎలక్ట్రానిక్‌గా శబ్దాలు పుట్టించే వాయిద్యం) రకరకాల శబ్దాలు చేసి పంపితే "బాగుంది గానీ సినిమాకి అతకట్లేదురా" అంటున్నాడు. బడ్జెట్ లేదు, నెలలో ఇచ్చేయాలి, ఒకటే టెన్షన్. ఏం చేయమంటారు?
– ఒక పాఠకుడు, తణుకు

జవాబు: మీ ఫ్రెండ్ మాట కొట్టిపారేయకండి. ఆ శబ్దాలు కొత్తగానే ఉండి ఉంటాయి, కాకపోతే అవి మీ లాప్‌టాప్‌లో పుట్టాయి, ఆ మిల్లులో పుట్టలేదు.

ముందు షూటింగ్ జరిగిన మిల్లుకి వెళ్ళండి. ఎలక్ట్రానిక్స్ షాపులో పీజో డిస్క్ అని, వణుకుని కరెంటు సిగ్నల్‌గా మార్చే చిన్న బిళ్ళ చాలా చవకగా దొరుకుతుంది, దానికి వైరు అతికించి, మిల్లు ఆపి ఉన్నప్పుడు ధాన్యం పోసే తొట్టికి టేపుతో గట్టిగా అంటించి, ఆ తర్వాత మెషిన్ వేయమనండి. అది గాల్లో శబ్దాన్ని కాదు, రేకు వణుకుని పట్టుకుంటుంది. ఆడియో ఇంటర్‌ఫేస్‌లో (లాప్‌టాప్‌లోకి శబ్దం ఎక్కించే పెట్టె) గిటార్ పెట్టే ఇన్‌పుట్‌కే కలపండి, మైక్ ఇన్‌పుట్‌కి పెడితే పల్చగా, కీచుగా వస్తుంది. రికార్డయిన దాన్ని సగం వేగానికి తగ్గిస్తే శృతి సరిగ్గా ఒక ఆక్టేవ్ (ఒక స్థాయి) కిందికి దిగుతుంది, అప్పుడు ధాన్యం జారే చప్పుడులో మీరు ఊహించని బరువు ఉంటుంది. జల్లెడ ఊగే లయ ఉంది కదా, తాళం అదే ఇస్తుంది.

ఇదేం కొత్త పద్ధతి కాదు. పారిస్‌లో పియర్ షెఫర్ అనే ఫ్రెంచ్ సంగీతకారుడు 1948లోనే రైళ్ళ చప్పుళ్ళతో సంగీతం కట్టాడు. మన దేశంలో ఋత్విక్ ఘటక్ 1960లో తీసిన 'మేఘే ఢాకా తారా'లో కథానాయిక గుండె పగిలి మెట్లు దిగుతుంటే కొరడా దెబ్బ వినిపిస్తుంది. తెరమీద కొరడా లేదు, కొట్టేవాళ్ళూ లేరు. నాకు ఆ ఒక్క చప్పుడు వంద వయొలిన్ల కంటే ఎక్కువ.

ఇంకోటి, మాటల మీదికి ఎక్కకండి. నా మొదటి సినిమాలో ప్రతి సీన్ కిందా డ్రోన్ (తంబూరాలా ఆగకుండా మోగే ఒకే స్వరం) పరిచేశాను, మిక్సింగ్‌లో ఒక తల్లి చెప్పే మాటే వినపడలేదు, సగం తీసేయాల్సొచ్చింది. 300 నుంచి 3000 హెర్ట్జ్ మధ్య మాటకి చోటు వదలండి, కొన్ని సీన్లకి అసలు ఏమీ చేయకండి.

మొత్తం ఒకేసారి పంపొద్దు. ఒక్క సీను చేసి పక్కపక్కన కూర్చుని చూడండి. నచ్చాక ఫైళ్ళు 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో, ఏ ట్రాక్‌కి ఆ ట్రాక్ విడిగా ఇవ్వండి.

మోటార్ ఆపేశాక బెల్టు నెమ్మదించి ఆగేదాకా వచ్చే శబ్దం మాత్రం వదలకండి, మీ ముగింపు అక్కడే దొరకొచ్చు. పంట సీజన్ అయిపోతే మిల్లు రోజూ నడవదు, ముందు ఫోన్ చేసి కనుక్కుని ఈ వారమే వెళ్ళండి.