గతం మారిపోతే హీరో ల్యాబ్‌కి ఎందుకొచ్చినట్టు?

మీరు రాస్తున్న కథలో చిక్కు ఇదే కదా: హీరో డిటెక్టర్ (కాంతి కణాల్ని పట్టి నమోదు చేసే పరికరం) చూడగానే నిన్నటి ప్రమాదం రద్దవుతుంది, ప్రమాదమే లేకపోతే అతను ల్యాబ్‌కి వచ్చే కారణమూ పోతుంది. ఇది క్వాంటమ్ చిక్కు కాదండీ, పాత టైమ్ మెషీన్ చిక్కే.

మీరు ఆధారంగా తీసుకున్న డిలేడ్ చాయిస్ క్వాంటమ్ ఇరేజర్ ప్రయోగం (2000లో ప్రచురితమైంది) గతాన్ని మార్చిందని చెప్పలేం. అందులో జంటగా పుట్టిన ఫోటాన్లలో (కాంతి కణాల్లో) ఒకటి ముందే డిటెక్టర్‌ని చేరుతుంది, రెండోది కొన్ని నానోసెకన్ల తర్వాత. జంట రెండు దారుల్లో దేన్నుంచి వచ్చిందో రెండోది చెప్పగల సమాచారాన్ని చెరిపేస్తే, మొదటిదాని గతం మారి చారలు (కాంతి అలలా ప్రవర్తించిందనడానికి గుర్తైన వెలుగు-చీకటి పట్టీలు) వస్తాయని యూట్యూబ్ వీడియోలు ఊదరగొడతాయి. కానీ మొదటి డిటెక్టర్ మొత్తం లెక్కలో చారలు ఎప్పుడూ కనిపించవు! ప్రతి జంటలో రెండో ఫోటాన్ ఎక్కడ పడిందో ఆ జాబితా తెచ్చి, లెక్కని విడదీస్తేనే బయటపడతాయి. పైగా దారి సమాచారం చెరిగిన రెండో ఫోటాన్లు పడే డిటెక్టర్లు రెండు. ఒకదాని జాబితాతో విడదీస్తే వచ్చే చారల ఖాళీల్లో రెండోదాని జాబితాతో వచ్చే చారలు కూర్చుంటాయి, కలిపితే మాయం. అందుకే నిన్నటికి మెసేజ్ పంపడం కుదరదు.

కాబట్టి మీ కథలో జరిగినదాన్ని మార్చకండి. ప్రమాదం రికార్డు నిన్నటిదే, కానీ దాన్ని చూసి ఎవరికీ ఏమీ అర్థం కాదు. హీరో ఈరోజు ఏ కొలత ఎంచుకుంటే దాన్నిబట్టి అందులోంచి ఒక కథ తేలుతుంది, రెండోది ఇక దొరకదు. విడదీయడానికి కావాల్సిన జాబితా విలన్ దగ్గర పెట్టండి, టెన్షన్ దానంతటదే వస్తుంది.