తెలియనిదెవరికి?

చిరంజీవి తమ్ముడికి,

నీ కథ రాత్రే చదివాను. కోపంతో నిద్ర పట్టలేదు. గోనెసంచి మూతి కుట్టే దబ్బనం గురించి రాసిన నాలుగు వాక్యాలు బాగున్నాయి. మిగతాదే మింగుడు పడలేదు.

హైదరాబాద్ నుంచి వచ్చిన కుర్రాడు పాత కాగితాలు తిరగేసి, ఊళ్ళో ఎవరికీ తెలియని హత్యల్ని బయటపెడతాడా? ఎవరికీ తెలియకపోవడమేంటి? మా తెనాలి పక్కనే చుండూరు. సినిమా హాల్లో కాలు తగిలిందని గొడవ మొదలైంది. అగ్రకులాలవాళ్ళు దళితులకు పొలం పనులు ఆపేశారు. నెల తిరిగేసరికి, 1991 ఆగస్టు 6న, పట్టపగలు పొలాల్లో తరిమి ఎనిమిది మంది దళితుల్ని చంపారు. శవాల్ని సంచుల్లో కుక్కి తుంగభద్ర డ్రెయిన్లో పడేశారు. సంచులు మోసినవాళ్ళకు తెలుసు, మనుషుల కోసం గట్లమ్మట వెతికిన ఆడవాళ్ళకు తెలుసు. ఆ ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టి 2007లో 21 మందికి యావజ్జీవం వేశారు. 2014లో హైకోర్టు శిక్షలన్నీ కొట్టేసింది. మర్నాడు కూడా ఆ రెండు వైపులవాళ్ళూ అదే రోడ్డు మీద ఎదురుపడాలి కదా! అన్నీ తెలిసినవాళ్ళు ఏం మాట్లాడుకుంటారు, ఎటు చూస్తారు? నీ కథ అక్కడుంది. తెలిసినవాళ్ళ నోటితో మొదలుపెట్టు. ఆ కుర్రాణ్ణి తీసెయ్.

ఊరి పేరు ఎందుకు దాచావు? ఒకప్పుడు ఒక వారపత్రిక ఎడిటర్ నా కథలో ఊరి పేరు, కులాల పేర్లు కొట్టేసి 'రెండు వర్గాలు' అని పెట్టాడు. ఒకవైపు శవాలు, ఇంకోవైపు బరిసెలు ఉంటే అది రెండు వర్గాల గొడవ ఎలా అవుతుంది? ఇంటద్దెకు ఆ పారితోషికమే దిక్కు, అయినా కథ వెనక్కి తెచ్చేసుకున్నాను. మా ఆవిడ పల్లెత్తు మాట అనలేదు. నిన్నెవరూ అడక్కుండానే 'ఒకానొక పట్టణం' అని రాసుకొచ్చావు. నా బాధంతా అదే.

ఆఖర్న పెద్దాయన ఏడ్చి కాళ్ళమీద పడటం కూడా వద్దు. ఈమధ్య పత్రికలు పశ్చాత్తాపం లేనిదే కథ వేసుకోవడం లేదు. 1985లో కారంచేడులో ఆరుగుర్ని చంపాక దళితులు చీరాల వచ్చేశారు. చాలామంది ఎవరి క్షమాపణ కోసమూ ఆగలేదు, అక్కడే విజయనగర్ కాలనీలో ఇళ్ళు కట్టుకున్నారు.

నీ కథలో దబ్బనం దాచుకున్న ముసలమ్మ ఉందే, గొడవకు ముందు ఎవరి చేలో కలుపు తీసేది? పని ఆపేశాక ఏ ఊరు వెళ్ళి కూలి చేసింది? అది కనుక్కుని, ఆవిడ వైపు నుంచి మళ్ళీ రాసి పంపు.

మీ అన్నయ్య,
తెనాలి