ఆల్టో కె10కి రిపేర్ మాన్యువల్ కావాలా? ముందు ఆర్సీ తీసి ఇంజిన్ నంబర్ చూడండి

కావలి నుంచి అడిగిన బ్రదర్, మీది 2012 ఆల్టో కె10, సెకండ్ హ్యాండ్‌లో తీసుకున్నారు, ఆయిల్, ఫిల్టర్లు, బ్రేక్ ప్యాడ్ల వరకు మీరే చేసుకోవాలని ఉంది, దానికి మాన్యువల్ కావాలి, తెలుగులో దొరికితే ఇంకా మంచిది. ఇదే కదా? మాది ఒంగోలు, నాదీ కె10నే, 2011ది. ఆరేళ్లుగా చిన్న పనులన్నీ ఇంటి ముందే చేసుకుంటున్నాను. కాబట్టి నేను తిన్న దెబ్బలు మీరూ తినకుండా చెప్తా.

ఏ సైటూ తెరవకముందు ఆర్సీ తీసి ఇంజిన్ నంబర్ చూడండి. కె10బిఎన్ అని మొదలవ్వాలి. ఆల్టో 800 అయితే ఎఫ్8డి అని ఉంటుంది. రెండూ ఆల్టోలే, కానీ దాని ఇంజిన్ 796 సీసీ, టైమింగ్ బెల్టు (ఇంజిన్ లోపలి భాగాలను ఒకే లయలో తిప్పేది) మీద నడుస్తుంది, మనది 998 సీసీ, బెల్టు బదులు టైమింగ్ చైను. ఇది తెలియక నేను ఏదో వీడియో చూసి, అయ్యో బెల్టు మార్చే టైమ్ దాటిపోయిందని టెన్షన్ పడి స్పేర్ పార్ట్స్ షాపుకి పరిగెత్తితే, కౌంటర్లో అబ్బాయి నన్ను ఎగాదిగా చూసి "మీ బండికి టైమింగ్ బెల్టు యాడుంది సార్" అన్నాడు. పక్కనున్న ఇద్దరు మెకానిక్కులు మొహం తిప్పుకుని నవ్వారు.

ఇంకో తిరకాసు ఉంది. 'సుజుకి ఆల్టో' అని వెతికితే యూరప్ వాళ్ల మాన్యువల్స్ వచ్చి పడతాయి. 2009 నుంచి వాళ్లు ఆల్టో అని కొనుక్కున్నది మన మారుతి ఎ-స్టార్ కారునే, హర్యానాలోని మానేసర్‌లో తయారై ఓడెక్కి వెళ్లింది. ఇంజిన్ మనలాగే కె10బినే కాబట్టి ఆ చాప్టర్ చాలావరకు పనికొస్తుంది, బ్రేకులు, వైరింగ్, బాడీ దగ్గర మాత్రం దాన్ని నమ్ముకోవద్దు. పాకిస్తాన్‌లో 2019 నుంచి వస్తున్న ఆల్టో 660 సీసీ బండి, దాని పీడీఎఫ్ జోలికే పోకండి. అందుకే బండి పేరుతో కాకుండా 'కె10బి సర్వీస్ మాన్యువల్' అని ఇంజిన్ కోడ్‌తో వెతకండి.

ఇక ఎక్కడ దొరుకుతుందంటే, బండితో ఇచ్చే ఓనర్స్ మాన్యువల్ వేరు, వర్క్‌షాప్ వాళ్లు వాడే సర్వీస్ మాన్యువల్ వేరు. మొదటిది మారుతి సుజుకి కంపెనీ సైట్‌లో ఫ్రీగా దొరుకుతుంది, చాలామంది డ్యాష్‌బోర్డు డబ్బాలో పడేసి మర్చిపోతారు గానీ ఆయిల్ గ్రేడు, ఎన్ని లీటర్లు, ఫ్యూజులు, జాకీ ఎక్కడ పెట్టాలి, టైర్లలో గాలి ఎంత, అన్నీ అందులోనే ఉంటాయి. ఆయిల్ మార్చడానికి అది దాదాపు సరిపోతుంది. రెండోది షాపులో అడిగితే నాకు దొరకలేదు. ఇంటర్నెట్ ఆర్కైవ్ అనే ఉచిత ఆన్‌లైన్ లైబ్రరీలో పాత బండ్ల స్కాన్ కాపీలు చాలా ఉన్నాయి, ముందు అక్కడ చూడండి. డౌన్‌లోడ్‌కి ముందు కార్డు నంబర్ అడిగినా, పీడీఎఫ్ కాకుండా ఇన్‌స్టాల్ చేసుకోమని ఏదో ఫైల్ ఇచ్చినా వెంటనే మూసేయండి. కేంద్ర ప్రభుత్వం 2022 డిసెంబర్‌లో రైట్ టు రిపేర్ పోర్టల్ (కంపెనీల రిపేర్ సమాచారం ఒకచోట పెట్టే సైట్) తెచ్చింది, అందులో ఆటోమొబైల్ విభాగం కూడా ఉంది, ఒకసారి చూడటంలో తప్పులేదు. బ్రిటన్ హేన్స్ వాళ్ల పుస్తకాలు మంచివే, బండిని మొత్తం విప్పి బిగించి మరీ రాస్తారు, కాకపోతే అవి అక్కడ అమ్మే మోడళ్లకు రాసినవి.

తెలుగులో సర్వీస్ మాన్యువల్ అయితే నా కంట పడలేదు. దానికి బదులు ఒకటి చెప్తా, ఎవరూ పట్టించుకోరు. ఐటీఐలో మోటార్ మెకానిక్ ట్రేడ్ పిల్లలకు చెన్నైలోని నిమి అనే ప్రభుత్వ సంస్థ పుస్తకాలు వేస్తుంది, భారత్ స్కిల్స్ అనే ప్రభుత్వ సైట్‌లో ఫ్రీగా దొరుకుతాయి. ఫలానా బండి అని ఉండదు గానీ డిస్క్ బ్రేకు ఎలా పనిచేస్తుందో, కొలతలు ఎలా తీయాలో బొమ్మలతో మొదటి నుంచీ ఉంటుంది. మా వీధిలో ఐటీఐ చదివే కుర్రాడి దగ్గర ఆ పుస్తకం తీసుకుని చదివాకే నాకు సర్వీస్ మాన్యువల్ అర్థం కావడం మొదలైంది.

అంకెల దగ్గర జాగ్రత్త. పాత ఆయిల్ వదలడానికి విప్పే డ్రెయిన్ బోల్టుని 35 న్యూటన్ మీటర్ల బలంతో బిగించాలని మాన్యువల్‌లో ఉంది. నేను కొత్తగా కొన్న టార్క్ రెంచ్ (బిగింపు బలం కొలిచే పానా) మీద రెండు స్కేళ్లున్నాయి, చూసుకోకుండా ఫుట్ పౌండ్ల వైపు 35 పెట్టి బిగించా. అంటే దాదాపు 47 న్యూటన్ మీటర్లు. అసలే ముందు ఓనరు దగ్గర పానాతో బిగించి బిగించి అరిగిన బోల్టు, చివర్లో టక్కుమని ఆగాల్సింది పోయి మెత్తగా తిరిగింది. ఆ మెత్తదనం చేతికి తగిలినప్పుడు గుండె జారిపోయింది. తెల్లారి చూస్తే గచ్చు మీద అరచేయంత నల్లటి మరక. బండిని తోయించుకుంటూ లేత్ షాపుకి తీసుకెళ్లి కొత్త థ్రెడ్ వేయించాల్సి వచ్చింది.

బ్రేకుల పనికి మాన్యువల్ కంటే స్పేర్ పార్ట్స్ క్యాటలాగ్ బొమ్మ నాకు ఎక్కువ ఉపయోగపడింది. అందులో ప్రతి ముక్కా విడివిడిగా గీసి, దేని తర్వాత ఏది వస్తుందో, పార్ట్ నంబర్ ఏమిటో ఇస్తారు. మొదటిసారి ప్యాడ్లు మార్చి చక్రం బిగించబోతుంటే వేలెడంత స్టీలు క్లిప్పు ఒకటి చేతిలో మిగిలిపోయింది, ఎక్కడిదో అర్థం కాలేదు. షాపుకెళ్లి కంప్యూటర్‌లో బొమ్మ చూపించమని అడిగి ఫోన్‌తో ఫొటో తీసుకొచ్చుకున్నా. ప్యాడ్ చెవి కూర్చునే చోట కింద పెట్టేది అది. తర్వాత నుంచి ఒక వైపు చక్రం మాత్రమే విప్పుతా, ఆ పని పూర్తయ్యేదాకా రెండో వైపు కదిలించను, అనుమానం వస్తే అటు వెళ్లి చూసుకుంటా. ఇంకోటి, జాకీ ఒక్కదాన్నే నమ్ముకుని బండి కిందకి దూరకండి, స్టాండ్లు కొనండి.

ఆర్సీలో కె10బిఎన్ కాకుండా ఇంకేదైనా కనిపిస్తే ఇక్కడే రాయండి, దాన్ని బట్టి ఏం వెతకాలో చెప్తా.