‘త్రీ-స్క్వేర్’ అంటే ఏమిటి? మూడు మూలలున్నదాన్ని స్క్వేర్ అనడమేమిటి?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇదీ: పాత ఇంగ్లీషు పనిముట్ల కేటలాగులో ‘త్రీ-స్క్వేర్ ఫైల్’ అని ఉంది, పక్కనున్న బొమ్మలో మాత్రం ఆకురాయి ముక్కోణంగా ఉంది. ఇది అచ్చుతప్పా, లేక ఆ మాటకు అర్థమే వేరా? ఇప్పుడు మనం రాసేటప్పుడు వాడొచ్చా?

అచ్చుతప్పు కాదండీ. త్రీ-స్క్వేర్ అంటే మూడు సమానమైన పలకలు ఉన్నది. అడ్డంగా కోసి చూస్తే సమబాహు త్రిభుజం కనిపించాలి. ఒకప్పుడు ఇంగ్లీషులో మామూలు విశేషణమే. ఇప్పుడు పనిముట్ల పేర్లలో తప్ప దాదాపు ఎక్కడా కనబడదు. నేను దీన్ని డిక్షనరీలో చూసి నేర్చుకోలేదు, నలుగురిలో నవ్వులపాలై నేర్చుకున్నాను.

పదో తరగతి తరవాత ఐటీఐలో ఫిట్టర్ ట్రేడులో చేరాను. మొదటి నెలలన్నీ ఫైలింగే. ఇనప ముక్కను వైస్‌లో బిగించడం, పొద్దున్నుంచి సాయంత్రం దాకా అరగదీయడం, మూల సరిగ్గా లంబకోణంలో ఉందో లేదో మూలమట్టం పెట్టి వెలుతురులో చూడడం, సందులోంచి వెలుగు కనిపిస్తే మళ్ళీ అరగదీయడం. ఒకరోజు మా ఇన్‌స్ట్రక్టరు గారు రంపం బ్లేడు చేతిలో పట్టుకుని, “ఒరేయ్, టూల్ రూముకెళ్ళి త్రీ స్క్వేర్ పట్రా” అన్నారు. నాకు ‘ట్రై స్క్వేర్’ అని వినబడింది. ట్రై స్క్వేర్ అంటే మూలమట్టం, రోజూ చేతిలో ఉండేదే. పరుగున వెళ్ళి తెచ్చిచ్చాను. ఆయన దాన్నీ నన్నూ మార్చి మార్చి చూసి, “దీంతో రంపం పళ్ళు అరగదీస్తావా?” అన్నారు. బ్యాచ్ మొత్తం నవ్వింది. కోర్సు అయిపోయేదాకా నా పేరు ‘ట్రైస్క్వేరు’గానే ఉండిపోయింది.

ఇందులో అసలు తమాషా ఏమిటంటే, ఆయన అడిగిన వస్తువు మా ఇంట్లోనే ఉండేది. మా నాన్న వడ్రంగి. వానాకాలంలో పని లేని రోజుల్లో అరుగు మీద కూర్చుని, రంపాన్ని రెండు చెక్కల మధ్య బిగించి, పంటి తరవాత పంటికి ముక్కోణపు ఆకురాయితో పదును పెట్టేవాడు. ఆ కీచు శబ్దానికి మా అమ్మ చెవులు మూసుకునేది. పుట్టినప్పటినుంచీ చూస్తున్న వస్తువే, ఇంగ్లీషు పేరుతో అడిగేసరికి పోల్చుకోలేకపోయాను.

పేరు తెలిశాక వేరే తిక్క మొదలైంది. మూడు మూలలు ఉన్నదాన్ని స్క్వేర్ అని ఎలా అంటారు? ఇన్‌స్ట్రక్టరు గారిని అడిగితే, “తెల్లోడు పెట్టిన పేర్రా, మనమేం చేస్తాం” అని తేల్చేశారు. తరవాత చాలా ఏళ్ళకు, పని చేసే చోట పాత డిక్షనరీ ఒకటి దొరికితే వదలకుండా వెతికాను.

స్క్వేర్ అన్న మాటకు మూలం లాటిన్‌లో నాలుగుకు సంబంధించిన ‘క్వాద్ర’. అది పాత ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషులోకి వచ్చింది. వచ్చినప్పుడు మొదట దాని అర్థం బొమ్మ కాదు, పనిముట్టు. అంటే మన మూలమట్టమే. నాలుగు భుజాల ఆకారానికి ఆ పేరు తరవాత స్థిరపడింది. అంటే స్క్వేర్ అన్న మాట కడుపులోనే ‘నాలుగు’ ఉంది. దాని ముందు మళ్ళీ ఫోర్ తగిలించి ఫోర్-స్క్వేర్ అన్నారు. అంతటితో ఆగకుండా త్రీ-స్క్వేర్, సిక్స్-స్క్వేర్, ఎయిట్-స్క్వేర్ కూడా అన్నారు.

ఇది వింతగా అనిపిస్తే మన వంటింట్లోకి ఒకసారి చూడండి. నూనె అన్న మాట నువ్వు, నెయ్యి కలిసి ఏర్పడింది. అంటే మొదట నూనె అంటేనే నువ్వుల నుంచి తీసింది. కానీ ఈ రోజు మనం కొబ్బరి నూనె అంటాం, వేరుశెనగ నూనె అంటాం, ఎవరికీ తప్పుగా అనిపించదు. పైగా నువ్వుల నూనె అని కూడా అంటాం, రెండు నువ్వులు కలిపి! ఫోర్-స్క్వేర్ అంటే మన నువ్వుల నూనె, త్రీ-స్క్వేర్ అంటే కొబ్బరి నూనె. జనం నోట్లో మాట అరిగేకొద్దీ లోపల ఉన్న అంకె కనిపించకుండా పోయింది. మిగిలింది ‘అన్ని వైపులా సమానంగా ఉన్నది’ అన్న భావం ఒక్కటే.

ఫోర్-స్క్వేర్‌కి అచ్చుగుద్దినట్టు సరిపోయే మాట మనకూ ఉంది: నలుచదరం. చదరం అన్నది చతురస్రం నుంచి వచ్చిందే, అందులో చతుర్ ఉంది. దానికి ముందు మళ్ళీ నలు. చర్చికి వెళ్ళేవాళ్ళకు ఇంకో మాట తెలిసే ఉంటుంది, చచ్చౌకం. 1611 నాటి ఇంగ్లీషు బైబిల్లో బలిపీఠం ఫోర్-స్క్వేర్‌గా ఉండాలని ఉన్నచోట తెలుగు బైబిల్లో చచ్చౌకం అని ఉంటుంది. చౌకంలోనూ నాలుగే ఉంది, చౌరస్తాలో ఉన్నట్టు. అయితే మనవాళ్ళు ఆ తరవాతి అడుగు వెయ్యలేదు. ముచ్చదరం అని ఎవరూ అనగా నేను వినలేదు. మన దగ్గర ఆ పని పలక అన్న మాట చేస్తుంది. మూడు పలకల ఆకురాయి, ఎనిమిది పలకల స్తంభం, చివరికి సినిమా వార్తల్లో హీరోగారి ఆరు పలకల దేహం. పలకలో ఏ అంకే దాక్కుని లేదు కాబట్టి ఏ గొడవా లేదు.

నాకు ఇందులో బాగా నచ్చిన సంగతి ఇంకొకటుంది. స్క్వేర్‌కి లక్షణాలు రెండు: భుజాలు సమానం, మూలలు లంబకోణం. ఇంగ్లీషువాళ్ళు ఒక్కోసారి ఒక్కో లక్షణాన్నే పట్టుకుని రెండోదాన్ని వదిలేశారు. త్రీ-స్క్వేర్‌లో భుజాల సమానత్వం ఉంచుకుని లంబకోణం వదిలేశారు. అందులో ప్రతి మూలా 60 డిగ్రీలే. ‘లాంగ్ స్క్వేర్’ అని ఇంకో పాత మాట ఉంది, దీర్ఘచతురస్రం అని అర్థం. అక్కడ లంబకోణం ఉంచుకుని భుజాల సమానత్వం వదిలేశారు. 1551లో రాబర్ట్ రికార్డ్ అనే వేల్స్ వైద్యుడు జ్యామితిని ఇంగ్లీషులో రాసినప్పుడు ఈ లాంగ్ స్క్వేర్‌ను వాడాడు. గ్రీకు, లాటిన్ పేర్లకు బదులు నాటు మాటలు పెట్టాలని ఆయన తాపత్రయం. టాంజెంట్‌ను ‘టచ్ లైన్’ అన్నాడు, సమబాహు త్రిభుజాన్ని ‘త్రీలైక్’ అన్నాడు. ఆ మాటలేవీ బతకలేదు. 1557లో అదే మనిషి ఇంకో పుస్తకంలో పెట్టిన రెండు గీతల సమానం గుర్తు మాత్రం ప్రపంచమంతా పాకింది. త్రీలైక్‌ను పండితుడు తయారుచేశాడు, పోయింది. త్రీ-స్క్వేర్ పనివాళ్ళ నోటి మాట, ఇంకా కొట్టులో దొరుకుతోంది.

ఎయిట్-స్క్వేర్ సంగతి కూడా చెప్పాలి, ఎందుకంటే అది మా ఇంటి కథ. మా మేనమామ తాళ్ళరేవు వైపు పడవల పని చేసేవాడు. తెరచాప కొయ్యను గుండ్రంగా తియ్యాలంటే ఒక్కసారిగా గుండ్రం రాదు. ముందు దుంగను నాలుగు పలకలుగా చెక్కుతారు, తరవాత మూలలు తీసేసి ఎనిమిది పలకలు, మళ్ళీ మూలలు తీసి పదహారు, ఆపైన చిత్రిక. నాలుగు నుంచి ఎనిమిదికి వెళ్ళడంలోనే కిటుకంతా ఉంది. మామయ్య దగ్గర రెండడుగుల మడత స్కేలు ఉండేది. దాన్ని పలక మీద ఏటవాలుగా, రెండు కొసలూ రెండు అంచులను తాకేట్టు పెట్టి, 7 అంగుళాల దగ్గర ఒక చుక్క, 17 దగ్గర ఇంకో చుక్క పెట్టేవాడు. ఆ చుక్కల వెంట గీతలు గీసి మూలలు చెక్కితే ఎనిమిది పలకలూ దాదాపు సమానంగా వచ్చేవి. 7, 10, 7 అన్న ఈ వాటాల వెనక ఉన్నది రెండు యొక్క వర్గమూలం అని నేను తరవాత లెక్క వేసి చెబితే, “ఏదైతేనేంరా, కొయ్య గుండ్రంగా వచ్చిందా లేదా” అన్నాడు. ఇంగ్లీషు పడవలవాళ్ళూ ఇదే వరస పాటిస్తారు, ఎనిమిది పలకల దశను వాళ్ళు ఎయిట్-స్క్వేర్ అంటారు. మన శిల్పుల దగ్గరా ఈ వరస కనిపిస్తుంది. శాస్త్రప్రకారం చెక్కిన శివలింగంలో అడుగున బ్రహ్మభాగం నాలుగు పలకలు, మధ్యలో విష్ణుభాగం ఎనిమిది, పైన రుద్రభాగం గుండ్రం.

ఇక వాడుక గురించి. త్రీ-స్క్వేర్ నామవాచకం ముందు వస్తుంది, మధ్యలో చిన్న గీతతో. వస్తువు నిడుపాటిగా ఉండి, దాని అడ్డుకోత త్రిభుజమైతే సరిగ్గా అతుకుతుంది: ఆకురాయి, తోలు కుట్టే సూది, అలాంటివి. కాగితం మీద గీసిన త్రిభుజానికి ఈ రోజుల్లో వాడితే ఎవరికీ అర్థం కాదు. పిల్లల లెక్కల నోట్సులో అసలు రాయకండి, టీచరు సున్నా చుట్టేస్తారు, నేనైనా చుట్టేస్తాను.

దీన్ని పోలిన రెండు మాటలతో జాగ్రత్త. ‘త్రీ స్క్వేర్ మీల్స్’ అంటే మూడు పూటలా కడుపునిండా భోజనం, దానికీ ముక్కోణానికీ సంబంధం లేదు. ‘త్రీ ఫీట్ స్క్వేర్’ అంటే మూడడుగుల చదరం, విస్తీర్ణం 9 చదరపు అడుగులు. ‘త్రీ స్క్వేర్ ఫీట్’ అంటే 3 చదరపు అడుగులే. ఈ తేడా తెలుసనుకుంటూనే నేను ఫోనులో దేవుడి గదికి టైల్స్ చెప్పేటప్పుడు “అయిదు చదరపు అడుగులు” అనేశాను. నేను చెప్పదలచుకున్నది అయిదడుగుల చదరం. అయిదడుగులకు అయిదడుగులు 25, వచ్చినవి అయిదు. గృహప్రవేశం ఎల్లుండి అనగా మిగతా ఇరవై కోసం తిరిగిన టెన్షన్ ఇప్పటికీ మా ఆవిడ గుర్తుచేస్తూ ఉంటుంది.

ఈ కుటుంబంలో పనివాళ్ళ మాటల బయట, మామూలు వాడుకలో నిలదొక్కుకున్నది ఫోర్-స్క్వేర్ ఒక్కటే, అదీ ఆకారం అర్థంలో తక్కువ. ఎవరికైనా చెక్కుచెదరకుండా అండగా నిలబడ్డారని చెప్పడానికి ఇంగ్లీషు పత్రికల్లో ఇప్పటికీ రాస్తారు. మన వైపు ఆ పేరు వినగానే చాలామందికి సిగరెట్ పెట్టే గుర్తొస్తుంది, అది వేరే సంగతి.

మీరు ఆ కేటలాగు చూసింది ఆకురాయి కొనడానికే అయితే, హార్డ్‌వేర్ కొట్టులో త్రీ స్క్వేర్ అని అడగకండి, నాకు జరిగినట్టు మూలమట్టం చేతిలో పెట్టే ప్రమాదముంది. ట్రయాంగిల్ ఫైల్ అనండి, లేదా రంపానికి పదును పెట్టే ముక్కోణపు ఆకురాయి అనండి. సైజు ఎంచుకునేటప్పుడు రంపాన్ని వెంట తీసుకెళ్ళండి. ఆకురాయి ఒక్కో పలక వెడల్పు పంటి లోతుకు రెట్టింపు కన్నా కొంచెం ఎక్కువ ఉండాలి. అప్పుడు ఒక పలకలో సగం అరిగాక తిప్పుకుంటూ పోతే మూడు పలకలూ చివరిదాకా పనికొస్తాయి.