ఏళ్లు గడిచినా విచారణ తేలని తీవ్రమైన కేసులో బెయిల్ వస్తుందా?

హత్య, ఉగ్రవాదం, మాదకద్రవ్యాల కేసుల్లో నాలుగైదేళ్లుగా జైల్లో ఉన్నవారికి ఆలస్యమే కారణంగా బెయిల్ ఇస్తారా అన్నది ప్రశ్న. ఇవ్వొచ్చు. కానీ దానంతటదే రాదు.

మామూలుగా జడ్జి చూసేవి తెలిసినవే: నేర తీవ్రత, పారిపోయే అవకాశం, సాక్షులను బెదిరించే ప్రమాదం, పాత కేసులు. యూఏపీఏ (ఉగ్రవాద కేసులు), ఎన్‌డీపీఎస్ (మాదకద్రవ్యాలు), పీఎంఎల్ఏ (అక్రమ నగదు చలామణీ) చట్టాల్లో వీటిపైన మరింత కఠిన షరతులుంటాయి. అసలు చిక్కంతా అక్కడే. 2021 నాటి నజీబ్ కేసులో నిందితుడు ఐదేళ్లకు పైగా జైల్లో ఉన్నాడు, ఇంకా 276 మంది సాక్షులు మిగిలారు. విచారణ ఇప్పట్లో ముగిసేలా లేనప్పుడు, యూఏపీఏ షరతులున్నా రాజ్యాంగం 21వ అధికరణం (జీవించే హక్కు, వ్యక్తిగత స్వేచ్ఛ) కింద బెయిల్ ఇవ్వొచ్చని సుప్రీంకోర్టు చెప్పింది. 2024లో ఢిల్లీ మాజీ ఉప ముఖ్యమంత్రి మనీశ్ సిసోడియాకు దాదాపు 17 నెలల జైలు తర్వాత బెయిల్ వచ్చిందీ ఈ వాదనతోనే. అదే ఏడాది గుర్విందర్ సింగ్ కేసులో మాత్రం తీవ్ర నేరాల్లో జాప్యం ఒక్కటే చాలదంది. బెంచిని బట్టి తూకం మారుతుందని లాయర్లు అనేది ఊరికే కాదు.

బీఎన్‌ఎస్‌ఎస్ (సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన నేర విచారణ పద్ధతి చట్టం) 479 సెక్షన్ సంగతి: గరిష్ఠ శిక్షలో సగం, గతంలో శిక్ష పడనివారైతే మూడోవంతు కాలం జైల్లో గడిపితే విడుదల కోరవచ్చు. మరణశిక్ష, యావజ్జీవం పడగల నేరాలకు, ఒకటికి మించి కేసులున్నవారికి ఇది వర్తించదు.

పిటిషన్‌లో సాక్షులెందరు మిగిలారో, వాయిదాలు ఎవరు అడిగారో తేదీలతో చూపాలి. జాప్యం నిందితుడిదే అయితే ఈ వాదన నిలబడటం కష్టం.