పెయిడ్ వీడియోలు టెలిగ్రామ్‌లోకి పోతే అకౌంట్ మూసేయాలా?

సబ్‌స్క్రైబర్లకి మాత్రమే పెట్టిన ఫిట్‌నెస్ వీడియోలు ఎవరో టెలిగ్రామ్‌లో పెట్టేశారు, కింద బూతులు రాస్తున్నారు, అత్తగారింట్లో తెలిసేలోపు అకౌంట్ మూసేయాలా అని అడిగారు. మూసేయకండి.

నేను దిల్‌సుఖ్‌నగర్‌లో మగ్గం వర్క్ నేర్పిస్తాను, ఆన్‌లైన్ బ్యాచ్‌లు కూడా ఉన్నాయి. నా క్లాసులు కూడా ఇలాగే బయటికి పోయాయి. రాత్రంతా కూర్చుని తీసిన వీడియోలు ఎవరో చిల్లర డబ్బులకి అమ్ముతుంటే ఒళ్లు మండిపోయింది, పైగా "నెట్‌లో పెట్టాక ఇంతేలే" అని నాకే చెప్పారు. ఆ మాట అస్సలు పట్టించుకోకండి. డబ్బు కట్టినవాళ్లకి చూసే హక్కు ఇచ్చారు గానీ ఊరంతా పంచమని ఇవ్వలేదు కదా.

ముందు ఆ ఛానెల్‌లో గొడవ పడకండి, పేరు మార్చుకుని జారుకుంటారు. లింకు, ఛానెల్ పేరు, తేదీ, ఆ బూతు రాతలు అన్నీ కనిపించేలా స్క్రీన్‌షాట్లు తీసి దాచండి. వీడియో మీరే తీశారు కాబట్టి కాపీరైట్ మీదే, రిజిస్ట్రేషన్ లేకపోయినా సరే. టెలిగ్రామ్‌కి కాపీరైట్ ఫిర్యాదు పంపండి, గూగుల్ సెర్చ్‌లో వస్తుంటే అక్కడ విడిగా ఇంకోటి. మన 2013 కాపీరైట్ రూల్స్ ప్రకారం సరైన ఫిర్యాదు అందాక 36 గంటల్లో ఆపాలి, కానీ 21 రోజుల్లో కోర్టు ఆర్డర్ తేకపోతే మళ్లీ తెరవొచ్చు, అందుకే పెద్ద నష్టమైతే లాయర్‌ని ముందే కలవండి. ఒక కోచింగ్ టీచర్ వేసిన కేసులో, సర్వర్లు సింగపూర్‌లో ఉన్నాయని టెలిగ్రామ్ వాదించినా 2022లో ఢిల్లీ హైకోర్టు ఒప్పుకోలేదు, ఛానెళ్లు నడిపేవాళ్ల వివరాలు ఇమ్మంది.

బూతుల సంగతి వేరు, అది వేధింపు. సైబర్‌క్రైమ్ పోర్టల్‌లో ఫిర్యాదు పెట్టండి, లేదా ఆడవాళ్ల మీద వేధింపులు చూసే పోలీసు బృందాలు షీ టీమ్స్‌కి చెప్పండి. పూర్తిగా వ్యక్తిగతమైన ఫొటోలు బయటికొస్తే ఇంకా గట్టి సెక్షన్ ఉంది: తీయడానికి ఒప్పుకున్నా, ఇతరులకి పంచడానికి ఒప్పుకోకపోతే పంచినవాడిదే నేరమని బీఎన్‌ఎస్ (భారతీయ న్యాయ సంహిత, మన నేర చట్టం) 77వ సెక్షన్ చెప్తుంది. "డబ్బు పంపితే తీసేస్తా" అని ఎవడైనా మెసేజ్ చేస్తే రూపాయి కూడా పంపకండి, మళ్లీ మళ్లీ అడుగుతాడు. ఇప్పటికే పంపి ఉంటే వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి కాల్ చేయండి.

నేనిప్పుడు వీడియో మీద చూసేవాళ్ల ఫోన్ నంబర్ కదులుతూ కనిపించేలా పెట్టించాను. స్క్రీన్ రికార్డింగ్ పూర్తిగా ఆగదు, కానీ ఎవరి దగ్గర్నుంచి పోయిందో తెలుస్తుంది, దాంతో చాలామంది భయపడతారు.

ఇంట్లో మాత్రం ఇవాళే మీ నోటితోనే చెప్పండి, ముందు మీ ఆయనకి. ఫిర్యాదు ఎలా రాయాలో అర్థం కాకపోతే ఇక్కడే అడగండి, నేను పంపినదాని నమూనా పెడతాను.